మీకు తెలుసా? మూడు రోజులని చెప్పి తరలించారు

చిక్కడపల్లి సిటీ సెంట్రల్ లైబ్రరీ గేటు దగ్గర వృత్తలేఖిని ముల్లు ఆనించి, హైదరాబాద్ మ్యాపు మీద ఇరవై కిలోమీటర్ల గిరి గీశామనుకోండి. ఉప్పల్, ఎల్బీనగర్, మౌలాలి, కొంపల్లి, గచ్చిబౌలి అన్నీ లోపలికి వచ్చేస్తాయి. శంషాబాద్ విమానాశ్రయం దాదాపు గీత మీద ఉంటుంది. 2011 మార్చి 12 సాయంత్రం ఫుకుషిమా అణు కేంద్రం చుట్టూ జపాన్ ప్రభుత్వం ఖాళీ చేయమన్న గిరి అదే కొలత. ముప్పై కిలోమీటర్లకు పెంచితే మేడ్చల్, ఘట్‌కేసర్ కూడా కలుస్తాయి, ఔటర్ రింగ్ రోడ్డు దాదాపు మొత్తం లోపలే. 1986లో చెర్నోబిల్ చుట్టూ గీసిన గిరి అంతుంది.

అశోక్‌నగర్ గదుల్లో పోటీ పరీక్షలకు చదివేవాళ్లకు ఈ రెండు పేర్లూ కంఠతా వచ్చు. ఏ సంవత్సరం, ఏ దేశం, సీజియం-137 అర్ధాయువు ఎన్నేళ్లు అని అడిగితే తడుముకోకుండా చెప్తారు. ఆ గిరి లోపల కాపురం ఉన్నవాళ్లు తర్వాత ఎక్కడికి పోయారు, ఎలా బతికారు అన్నది మాత్రం ఏ బిట్ పేపర్లోనూ రాదు. ఈసారి ఈ శీర్షిక వాళ్ల కోసం.

కాగితాలు, కాస్త తిండి, అంతే

చెర్నోబిల్ నాలుగో రియాక్టర్ పేలింది 1986 ఏప్రిల్ 26న, అర్ధరాత్రి దాటాక 1 గంట 23 నిమిషాలకు. దానికి మూడు కిలోమీటర్ల దూరంలో ప్రిప్యాత్ పట్టణం. 1970లో అణు కేంద్రం ఉద్యోగుల కోసమే పునాది వేసిన ఊరు. జనాభా 49 వేల దాకా, ఎక్కువమంది పడుచు దంపతులు, చిన్నపిల్లలు. ఆ శనివారం పిల్లలు మామూలుగానే బడికి వెళ్లారు. ఊళ్లో పెళ్లి కూడా జరిగింది. మే డే నాడు తెరవాలని కట్టిన జెయింట్ వీల్ సిద్ధంగా ఉంది.

ప్రమాదం జరిగిన 36 గంటలకు, ఆదివారం మధ్యాహ్నం, రేడియోలో ప్రకటన వచ్చింది. తాత్కాలికంగా తరలిస్తున్నాం, గుర్తింపు కాగితాలు, అవసరమైన వస్తువులు, కొంచెం తిండి వెంట తెచ్చుకోండి అన్నారు. మూడు రోజుల్లో తిరిగొచ్చేస్తామని జనం నమ్మారు. కీవ్ నుంచి రప్పించిన సుమారు 1,200 బస్సులు రెండు గంటలకు కదలడం మొదలై, సాయంత్రానికల్లా ఊరు ఖాళీ అయిపోయింది. కుక్కల్నీ పిల్లుల్నీ ఎక్కించుకోనివ్వలేదు. ఆ ఊళ్లో మళ్లీ ఎవరూ కాపురం పెట్టలేదు.

గందరగోళం లేకుండా జనాన్ని త్వరగా కదిలించడానికి తాత్కాలికమే అన్న ఆ మాట పనికొచ్చిందని సమర్థించేవాళ్లున్నారు. త్వరగా కదిలించడం అవసరమే, నిజానికి ఇంకా ముందే కదిలించాల్సింది. కానీ పక్కూరి పెళ్లికి వెళ్లొస్తామన్నట్టు సర్దుకున్న సంచిలో పెళ్లి ఫొటోలుండవు, తాతగారి ఉత్తరాలుండవు, పిల్లల బడి సర్టిఫికెట్లూ ఉండవు. ఇల్లు పోయినదానికి పరిహారం లెక్కగట్టొచ్చు. అబద్ధం చెప్పి బయటికి తెచ్చినందువల్ల పోయినవాటికి ఏ ఖాతాలోనూ పద్దు లేదు.

1986 ఒక్క ఏడాదిలోనే చెర్నోబిల్ చుట్టుపక్కల నుంచి 1,16,000 మందిని తరలించారు. తర్వాతి ఏళ్లలో ఉక్రెయిన్, బెలారస్, రష్యాల నుంచి ఇంకో రెండు లక్షల ఇరవై వేల మందికి పైగా ఊళ్లు వదిలారు. మన తరంలో చాలామంది ఇళ్లకు అప్పట్లో 'సోవియట్ భూమి' పత్రిక తెలుగులోనే వచ్చేది. నున్నటి కాగితం మీద గోధుమ చేలు, నవ్వే పిల్లలు. ఆ గోధుమ చేల దేశమే ఇది.

మ్యాపులోంచి తీసేసిన ఊళ్లు

చెర్నోబిల్‌కు 29 ఏళ్ల ముందే సోవియట్ యూనియన్‌లో ఇంకో అణు ప్రమాదం జరిగింది. 1957 సెప్టెంబరు 29న ఉరల్ పర్వతాల ప్రాంతంలోని మయాక్ కర్మాగారంలో అణు వ్యర్థాల ట్యాంకు పేలింది. రెండేళ్ల వ్యవధిలో పదివేల మందికి పైగా గ్రామస్థుల్ని ఖాళీ చేయించారు. ఎందుకు ఖాళీ చేయిస్తున్నారో వాళ్లకు చెప్పలేదు. ప్రభుత్వం అధికారికంగా ఒప్పుకున్నది 1989లో. ముప్పై రెండేళ్లపాటు ఆ రైతులు తమ ఊరు ఎందుకు పోయిందో తెలియకుండా బతికారు, కొందరు తెలియకుండానే పోయారు.

నిర్వాసితుల కోసం కట్టిన ఊరికీ యుద్ధం వచ్చింది

ప్రిప్యాత్ పోయాక అణు కేంద్రం సిబ్బందికి కొత్త ఊరు కావాల్సి వచ్చింది. మిగిలిన రియాక్టర్లు నడుస్తూనే ఉన్నాయి మరి. చివరిది మూతపడింది 2000 డిసెంబరు 15న. అలా పుట్టిన ఊరు స్లావుటిచ్. ఎనిమిది సోవియట్ రిపబ్లిక్‌ల నుంచి వచ్చిన కార్మికులు తలా ఒక పేట చొప్పున, తమ తమ ప్రాంతపు పోకడలో కట్టారు. యెరెవాన్ పేట, బాకూ పేట, టాలిన్ పేట, రీగా పేట అని ఇప్పటికీ ఆ పేర్లే. 1988లో జనం కాపురాలకు దిగారు.

2022 ఫిబ్రవరి 24న రష్యా సేనలు చెర్నోబిల్‌ను ఆక్రమించినప్పుడు, ఆ షిఫ్టులో పనిచేస్తున్న స్లావుటిచ్ ఉద్యోగులు మూడు వారాలకు పైగా ఇంటిముఖం చూడకుండా తుపాకుల మధ్య కేంద్రాన్ని కాపాడారు. మార్చి 26న సైన్యం స్లావుటిచ్‌లోకే వచ్చింది. ఊరి జనం ఖాళీ చేతులతో వీధుల్లోకొచ్చి ఎదురు నిలబడ్డారు. 1986లో చిన్నపిల్లలుగా ప్రిప్యాత్ బస్సెక్కినవాళ్లు ఇప్పుడు యాభైకి దగ్గర పడుతున్నారు. ఒకసారి ఊరు పోగొట్టుకున్నవాళ్లకు రెండోసారి పోగొట్టుకునే భయం ఎలా ఉంటుందో మనం ఊహించాల్సిందే.

ప్రయాణమే ప్రాణాలు తీసింది

ఈ శీర్షికలో ఏ ఒక్కటి గుర్తుంచుకున్నా ఇది గుర్తుంచుకోండి. 2011 సునామీతో వచ్చిన ఫుకుషిమా ప్రమాదంలో రేడియేషన్ వల్ల జబ్బుపడ్డారని నిర్ధారించదగ్గ స్థానికులు కనబడలేదని ఐక్యరాజ్యసమితి శాస్త్రీయ కమిటీ తేల్చింది. అదే ఫుకుషిమా జిల్లాలో 'విపత్తు సంబంధిత మరణాలు' మాత్రం 2,300 దాటాయి. భూకంపం, సునామీ నేరుగా బలితీసుకున్నవాళ్లు ఆ జిల్లాలో 1,600 మంది. అంటే అలలో పోయినవాళ్లకన్నా, ఆ తర్వాత తరలింపులో, తాత్కాలిక ఇళ్లలో, మందులు అందక, దిగులుతో పోయినవాళ్లే ఎక్కువ.

అణు కేంద్రానికి దగ్గర్లో ఫుతాబా అనే ఆసుపత్రి ఉండేది. మంచం మీంచి లేవలేని వృద్ధులే ఎక్కువమంది రోగులు. మార్చి 14న వాళ్లను బస్సుల్లో కూర్చోబెట్టి, చుట్టుదారుల్లో గంటల తరబడి తిప్పి, చివరికి ఒక బడి వ్యాయామశాలకు చేర్చారు. సెలైన్ సీసా పట్టుకునే మనిషి లేడు. ఆ ఆసుపత్రి, దాని అనుబంధ వృద్ధాశ్రమం తరలింపుకు సంబంధించి 44 మంది మరణాల్ని తర్వాత కోర్టులో నేరాభియోగంగా పెట్టారు.

మినామిసోమా నగరంలోని వృద్ధాశ్రమాల మీద 2013లో ఒక అధ్యయనం వచ్చింది. తరలించాక అక్కడి వృద్ధుల మరణాల రేటు అంతకుముందుకన్నా సగటున 2.7 రెట్లు పెరిగింది. అందులో మనసుకు తట్టే సంగతి ఇంకొకటుంది. అన్ని ఆశ్రమాల్లోనూ ఒకేలా పెరగలేదు. వెళ్లేచోటు ముందే చూసుకుని, మందుల చీటీలు, సంరక్షకులు వెంట ఉండి, జాగ్రత్తగా తీసుకెళ్లినచోట అంత నష్టం లేదు. ఊరు వదలక తప్పనప్పుడు కూడా ఎలా వదిలించారన్నదాని మీద ప్రాణాలు ఆధారపడ్డాయి.

జపాన్ చేసిన ఒక పని మనం నేర్చుకోదగ్గది. తరలింపు కష్టాల వల్ల మనిషి పోయాడని కుటుంబం దరఖాస్తు చేసుకుంటే, కమిటీ పరిశీలించి దాన్ని విపత్తు మరణంగా నమోదు చేస్తుంది. ఇల్లు నడిపే మనిషైతే 50 లక్షల యెన్లు, కాకపోతే అందులో సగం ఇస్తారు. శ్రీశైలం ముంపు నుంచి మల్లన్నసాగర్ దాకా మన నిర్వాసితుల జాబితాల్లో ఇల్లు, పొలం, చెట్టు, బావి అన్నిటికీ కాలమ్‌లు ఉంటాయి. ఊరు విడిచిన దిగులుతో ఏడాది తిరక్కుండా పోయిన ముసలాయనకు కాలమ్ లేదు. ఉండాలి.

అన్నం పెట్టిన ఊరే ఖాళీ అయింది

ఇతాతె అనే కొండ ఊరు ఫుకుషిమా కేంద్రానికి దాదాపు 40 కిలోమీటర్లు. మన లైబ్రరీ నుంచి చేవెళ్ల ఉన్నంత దూరం. తీరం నుంచి పారిపోయి వచ్చినవాళ్లకు ఆ ఊరివాళ్లు తలుపులు తీశారు, వండి పెట్టారు. ఆ రోజుల్లోనే గాలి వాయవ్యానికి తిరిగింది, మంచు కురిసింది, దానితోపాటు సీజియమూ కురిసింది. ఇరవై కిలోమీటర్ల గీతకు బయటే ఉన్నాం కదా అని వాళ్లు ధైర్యంగా ఉండిపోయారు. నెల దాటాక, ఏప్రిల్ 22న, మీ ఊరు కూడా ఖాళీ చేయాలన్నారు. ఆరు వేల మంది వెళ్లిపోయారు. తిరిగి రావచ్చన్న ఆదేశం 2017 మార్చి 31న వచ్చింది. అప్పటికి పిల్లలు వేరే ఊళ్ల బళ్లలో ఆరేళ్లు చదివేశారు.

మన దేశంలో అణు విద్యుత్ కేంద్రాల అత్యవసర ప్రణాళికలు 16 కిలోమీటర్ల పరిధి లెక్కతో తయారవుతాయి. గాలి ఎటు తిరుగుతుందో వృత్తలేఖినికి తెలియదు.

ఏ ఊరు మీది?

కొత్తగా పరిచయమైనవాళ్లను మనం మొదట అడిగేది ఊరి పేరే. చిక్కడపల్లి చౌరస్తాలో టీ తాగుతూ, నారాయణగూడ మెస్సుల్లో పక్కపక్కన కూర్చుని, మాది దేవరకొండ, మాది అచ్చంపేట, మాది సిరిసిల్ల అని చెప్పుకోవడంతోనే స్నేహాలు మొదలవుతాయి. ఫుకుషిమా నుంచి వెళ్లిన పిల్లలు ఆ ప్రశ్నకు జవాబు చెప్పడానికి భయపడ్డారు.

యోకొహామాకు మారిన ఒక అబ్బాయిని బళ్లో తోటి పిల్లలు 'క్రిమి' అని పిలిచారు. మీకు పరిహారం డబ్బులు వస్తాయిగా అని బెదిరించి, విడతలవారీగా లక్షల యెన్లు గుంజుకున్నారు. 2016లో ఈ సంగతి బయటికొచ్చి దేశమంతా తలదించుకుంది. ఇవాకి నగరంలో నిర్వాసితులు వెనక్కి పోవాలని ప్రభుత్వ కార్యాలయాల గోడల మీద రాశారు. మనోవేదనకు పరిహారంగా విద్యుత్ సంస్థ మనిషికి నెలకు లక్ష యెన్లు ఇచ్చేది. ఇరుగుపొరుగు వాళ్లకు ఆ లక్షే కనపడింది, అది ఎందుకిస్తున్నారో మరుగున పడింది.

గిరికి బయట ఉన్నా పిల్లల మీద భయంతో తామంతట తాము వెళ్లినవాళ్ల బాధ ఇంకో రకం. చాలా ఇళ్లలో తల్లీపిల్లలు దూరపు ఊరికి వెళ్లారు, తండ్రి ఉద్యోగం కోసం ఫుకుషిమాలోనే ఉండిపోయాడు. ప్రభుత్వం పొమ్మనలేదు కాబట్టి నష్టపరిహారం అంతంతమాత్రం. ఉచిత నివాస సాయం కూడా 2017 మార్చితో ఆగిపోయింది. ఫుకుషిమా నిర్వాసితులు ఒక దశలో 1,60,000 దాటారు. 2024 నాటికీ ఇరవై ఐదు వేల మందికి పైగా సొంతూరికి బయటే ఉన్నారు. అణు కేంద్రం ఉన్న ఫుతాబా పట్టణంలో ప్రమాదానికి ముందు ఏడు వేల మంది. 2022 ఆగస్టులో గేట్లు తెరిస్తే వచ్చి చేరినవాళ్లు వందల్లోనే. 'అణుశక్తితో వెలుగుల భవిష్యత్తు' అని ఆ ఊరి నడివీధిలో ఒకప్పుడు పెద్ద బోర్డు ఉండేది. ఆ నినాదం ఓ బడిపిల్లాడు పోటీలో రాసింది. 2015లో బోర్డు దింపేస్తుంటే, ఆ పిల్లాడే, అప్పటికి నలభైకి దగ్గరపడ్డ నిర్వాసితుడు, దాన్ని తీయకండి, చూసి నేర్చుకోవడానికి అక్కడే ఉంచండి అని ప్రాధేయపడ్డాడు.

పాలు, వెన్న

చెర్నోబిల్ వల్ల పిల్లలకు జరిగిన తీవ్ర నష్టం పాలలోంచి వచ్చింది. గడ్డి మీద పడ్డ అయోడిన్-131 ఆవు పాలలోకి, అక్కడి నుంచి పిల్లల గొంతులోని థైరాయిడ్ గ్రంథిలోకి చేరింది. దాని అర్ధాయువు ఎనిమిది రోజులే. అంటే కొన్ని వారాలు ఆ పాలు తాగొద్దని పల్లెలకు సకాలంలో చెప్పి ఉంటే చాలావరకు తప్పిపోయేది. 2005 నాటికి, అప్పట్లో పిల్లలుగా ఉన్నవాళ్లలో ఆరు వేలకు పైగా థైరాయిడ్ క్యాన్సర్ కేసులు నమోదయ్యాయి. చికిత్స అందడంతో చాలామంది బతికారు, మెడ మీద కోత గుర్తుతో.

ఆ మేఘం ఐర్లండ్ వెన్న రూపంలో మన దేశానికీ వచ్చింది. బొంబాయికి దిగుమతైన ఆ వెన్నను పంచవద్దని వేసిన కేసు సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. నిపుణుల కమిటీ హాని లేదని చెప్పాక 1988లో కొట్టేశారు.

పెద్దలకు బియ్యమివ్వడానికి

చెర్నోబిల్ గిరిలోకి తిరిగి వెళ్లొద్దని చట్టం. అయినా సుమారు 1,200 మంది, ఎక్కువమంది ముసలమ్మలు, అడవి దారుల్లో నడిచి, ముళ్లకంచెల కింద దూరి, తమ ఇళ్లకు చేరుకున్నారు. స్వయంగా స్థిరపడ్డవాళ్లని వాళ్లకు పేరు. బంగాళదుంపలు వేసుకున్నారు, కోళ్లు పెంచుకున్నారు. స్టాలిన్ కాలపు కరువునూ నాజీ సైన్యాన్నీ చూసిన ఆ తరం ఆడవాళ్లకు కంటికి కనపడని రేడియేషన్ పెద్ద భయం కాలేదు. అధికారులు కొన్నాళ్లకు చూసీచూడనట్టు వదిలేశారు. ఇప్పుడు మిగిలింది వంద మంది లోపే.

వాళ్లు చేసింది మంచిపనని నేననను. పిల్లల్ని అక్కడికి తీసుకెళ్లడం తప్పే అయ్యేది. కానీ డెబ్బై ఏళ్ల మనిషికి అపార్ట్‌మెంటులో నాలుగో అంతస్తు గది ఇచ్చి, ఇదే నీ పునరావాసం అంటే ఆమె ఏమనుకుంటుందో మన పల్లెల్లోంచి నగరానికొచ్చిన అమ్మమ్మలను అడిగితే తెలుస్తుంది.

ప్రతి ఏటా ఈస్టర్ తర్వాత కొన్ని రోజులు ఉక్రెయిన్‌లో పెద్దల సమాధుల దగ్గరికి వెళ్లి తిండి పెట్టి వచ్చే ఆచారం ఉంది, మన పెత్రమాసకు పెద్దలకు బియ్యమిచ్చినట్టు. ఆ రోజుల్లో ప్రభుత్వం గేట్లు తెరిచేది. దేశం నలుమూలలకూ చెదిరిపోయిన పాత ఊరివాళ్లు బస్సుల్లో వచ్చి, గడ్డి పీకి, శిలువలకు రంగువేసి, పక్కింటివాళ్లను కౌగిలించుకుని ఏడ్చి వెళ్లేవాళ్లు. జపాన్‌లోనూ అంతే. ఓబోన్ పండక్కి తెల్లటి రక్షణ దుస్తులు తొడుక్కుని సమాధులకు నీళ్లు పోసి వచ్చారు. మనుషుల్ని తరలించేవాళ్లు శ్మశానాన్ని లెక్కలోకి తీసుకోరు. ఊరివాళ్లకు అది ఊళ్లో భాగమే.

మడుగు లేని దీవి, సముద్రం లేని కాలనీ

అణు ప్రమాదమే కాదు, అణు పరీక్షలూ ఊళ్లను లేపేశాయి. 1946లో అమెరికా నౌకాదళ అధికారి పసిఫిక్‌లోని బికినీ దీవికి వెళ్లి, మానవాళి మేలు కోసం కొన్నాళ్లు ఈ చోటు వదలండి అని అడిగాడు. 167 మంది పడవలెక్కారు. ఆ దీవిలో 1958 దాకా 23 బాంబులు పేల్చారు. మొదట దింపిన రొంగెరిక్‌లో తిండి చాలక పస్తులున్నారు. 1948లో కిలి అనే దీవికి మార్చారు. బికినీ దీవుల నడుమ ప్రశాంతమైన నీటి మడుగు ఉండేది, చేపలన్నీ అందులోనే. కిలికి మడుగు లేదు, ఏడాదిలో చాలా నెలలు అలలు పడవను దిగనివ్వవు. తరతరాల బెస్తవాళ్లు డబ్బా తిండి మీద పడ్డారు. 1970ల్లో కొందర్ని తిరిగి తీసుకెళ్లి, ఒంట్లో సీజియం పెరిగిందని 1978లో మళ్లీ ఖాళీ చేయించారు.

శ్రీకాకుళం జిల్లా రణస్థలం మండలం కొవ్వాడ పేరు తెలిసిన పాఠకులకు కిలి కథ ఇప్పటికే గుండెల్లో గుచ్చుకుని ఉంటుంది. అక్కడ 1,208 మెగావాట్ల చొప్పున ఆరు రియాక్టర్లు కట్టాలన్నది ప్రతిపాదన. గుజరాత్‌లోని మీఠీవిర్డిలో రైతులు ఒప్పుకోకపోవడంతో అక్కడికి అనుకున్న అమెరికా వెస్టింగ్‌హౌస్ రియాక్టర్లు కొవ్వాడకు మళ్లాయి. 2017లో ఆ వెస్టింగ్‌హౌస్ దివాలా పిటిషన్ వేసింది. ప్రాజెక్టు ముందుకూ పోలేదు, రద్దూ కాలేదు. రెండు వేల ఎకరాలకు పైగా భూమి, అందులో సముద్రం మీదికి వేటకెళ్లే మత్స్యకారుల ఊళ్లు. పునరావాస కాలనీకి ఎచ్చెర్ల మండలం ధర్మవరం దగ్గర స్థలం చూశారు. వలను, తెప్పను వాకిట్లో పెట్టుకుని, తెల్లవారుజామున అల చప్పుడు విని వేటకెళ్లాలా వద్దా తేల్చుకునే మనుషులు వీళ్లు. ఇంటికీ సముద్రానికీ ఎంత దూరం అన్నది వాళ్లకు తిండి ప్రశ్న. మాజీ కేంద్ర కార్యదర్శి ఈఏఎస్ శర్మ లాంటివాళ్లు ఏళ్లుగా ప్రభుత్వాలకు ఉత్తరాలు రాస్తూనే ఉన్నారు. ప్రమాదం ఏదీ జరగకుండానే, ఒక్క ఇటుకా పేర్చకుండానే, పోతామో ఉంటామో తెలియని బతుకు ఆ ఊళ్లకు వచ్చిపడింది. దాన్ని కూడా ఒక రకం నిర్వాసమనే నేను అంటాను.

మన కుళాయి, మన ఇంధనం

దేశంలోని చాలా అణు విద్యుత్ కేంద్రాలకు ఇంధన కడ్డీలు ఎక్కడ తయారవుతాయో తెలుసా? నారాయణగూడకు పది పన్నెండు కిలోమీటర్ల దూరంలో, మౌలాలి దగ్గరున్న న్యూక్లియర్ ఫ్యూయల్ కాంప్లెక్స్‌లో. 1971లో ఏర్పాటైంది. అక్కడ రియాక్టర్ లేదు కాబట్టి చెర్నోబిల్ తరహా పేలుడు ఊహించుకుని భయపడాల్సిన పనిలేదు. పక్కనే ఉన్న ఈసీఐఎల్ 1967 నాటిది. దాన్ని నిలబెట్టిన అయ్యగారి సాంబశివరావు గారి పేరే ఏఎస్‌రావు నగర్. యురేనియం వెతికే అటామిక్ మినరల్స్ డైరెక్టరేట్ ప్రధాన కార్యాలయం బేగంపేటలో. అణుశక్తికి హైదరాబాద్ ఇంత దగ్గరిది.

ఆ వెతుకులాట చివరికి వెళ్లి ఆగేది మన పల్లెల్లో. నల్లగొండ జిల్లా లంబాపూర్, పెద్దగట్టు దగ్గర యురేనియం దొరికింది. తవ్వకాల మీద 2003 ఆగస్టులో పెద్దగట్టులో జరిగిన ప్రజాభిప్రాయ సేకరణలో తండాలవాళ్లు గట్టిగా వద్దన్నారు. ఆ గుట్టల దాపునే నాగార్జునసాగర్, అక్కంపల్లి జలాశయం ఉన్నాయి. కృష్ణా పైపులైను మరమ్మతులని నీళ్లు బంద్ చేసినప్పుడల్లా జలమండలి ప్రకటనలో నారాయణగూడ పేరు చూస్తుంటాం కదా, ఆ నీళ్లు వచ్చేది అక్కంపల్లి నుంచే. మనం పేరు కూడా వినని తండావాళ్లు తమ ఊరి కోసం పోరాడుతూ మన కుళాయికీ కాపలా కాశారు.

2019లో నల్లమలలో, అమ్రాబాద్ పులుల అభయారణ్యంలో 83 చదరపు కిలోమీటర్ల మేర యురేనియం అన్వేషణకు కేంద్ర అటవీ సలహా కమిటీ సూత్రప్రాయంగా ఒప్పుకుంది. చెంచులు అడ్డం నిలబడ్డారు, ఊళ్లు బంద్ పాటించాయి, నగరం కూడా గొంతు కలిపింది. ఆ సెప్టెంబరులో తెలంగాణ శాసనసభ తవ్వకాలు వద్దని ఏకగ్రీవంగా తీర్మానించింది. అడవిలో పుట్టిన చెంచుకు బయట పునరావాసం అనే మాటకు అర్థం ఉండదు.

కడప జిల్లా తుమ్మలపల్లెలో మాత్రం 2012 నుంచి యురేనియం గని, శుద్ధి కర్మాగారం నడుస్తున్నాయి. వ్యర్థాల చెరువు పక్కనున్న కేకే కొట్టాల రైతులు బోర్లలో నీళ్లు చెడిపోయాయని, అరటితోటలు ఎండిపోయాయని మొరపెట్టుకున్నారు. కాలుష్య నియంత్రణ మండలి 2018లో సంస్థకు నోటీసులిచ్చింది. తమవల్ల కాదన్నది సంస్థ మాట. ఎవరి మాట నిజమైనా, నీళ్లు పోతే ఊరు తనంతట తానే ఖాళీ అవుతుంది. అలా వెళ్లినవాళ్లను ఎవరూ నిర్వాసితులని పిలవరు.

అణు కేంద్రంలోనే తలదాచుకున్నారు

మళ్లీ జపాన్‌కు వద్దాం. అక్కడి ఒనగావా అనే అణు కేంద్రం 2011 భూకంప కేంద్రానికి ఫుకుషిమాకన్నా దగ్గర. అక్కడా 13 మీటర్ల అల వచ్చింది. హిరాయి యనొసుకె అనే ఇంజినీరు దశాబ్దాల ముందే పట్టుబట్టి దాన్ని 14.8 మీటర్ల ఎత్తున కట్టించాడు. ఖర్చెక్కువని గొణిగినా వినలేదు. ఇళ్లు కొట్టుకుపోయిన ఊరివాళ్లు 360 మంది దాకా ఆ అణు కేంద్రం వ్యాయామశాలలోనే తలదాచుకున్నారు. ఒక మనిషి మొండితనం ఊరిని కాపాడింది. ఆ ఒనగావా పట్టణం శిథిలాల్లో గాలించడానికి మన ఎన్‌డీఆర్‌ఎఫ్ దళం 46 మందితో వెళ్లింది. విదేశీ గడ్డ మీద ఆ దళానికి అదే తొలి పని.

ఎంత, ఎవరు, ఏ చట్టం

ఫుకుషిమా బాధితులకు అక్కడి విద్యుత్ సంస్థ టెప్కో చెల్లించిన పరిహారం పది లక్షల కోట్ల యెన్లు దాటింది. మన డబ్బుల్లో ఐదు లక్షల కోట్ల రూపాయల పైమాటే. మన దేశంలో 2010 నాటి అణు నష్ట బాధ్యత చట్టం కేంద్రాన్ని నడిపే సంస్థ బాధ్యతకు పెట్టిన పరిమితి 1,500 కోట్లు. 2025 డిసెంబరులో పార్లమెంటు ఆమోదించిన 'శాంతి' అణుశక్తి చట్టంలో అతిపెద్ద కేంద్రాలకు ఆ పరిమితి 3,000 కోట్లు. ఆపైన ప్రభుత్వం కొంత భరించాలి, దానికీ హద్దుంది. ఆ ఐదు లక్షల కోట్లనూ ఈ మూడు వేల కోట్లనూ పక్కపక్కన పెట్టి చూడండి. ఇది చాలదు. కొవ్వాడలో ఇటుక పడకముందే మార్చాల్సిన అంకె ఇది.

ఇంకొకటి, గ్రూప్-1 చదివేవాళ్లకు పనికొచ్చేది. 2013 భూసేకరణ చట్టంలో నాలుగో షెడ్యూలు ఉంది. సామాజిక ప్రభావ అంచనా లాంటి రక్షణలు వర్తించని 13 చట్టాల జాబితా అది. 1962 నాటి అణుశక్తి చట్టాన్నీ అందులో చేర్చారు. పరిహారం, పునరావాసం నిబంధనల్ని మాత్రం 2015లో ఆ చట్టాలకూ వర్తింపజేశారు.

లైబ్రరీ చెట్ల కింద, ఐదు రూపాయల భోజనం తిని, అర్ధరాత్రి దాకా చదివే మీలో కొందరు రేపు డిప్యూటీ కలెక్టర్లు అవుతారు, భూసేకరణ అధికారులవుతారు. నిర్వాసితుల జాబితా రాసే చెయ్యి మీదే. ఆ రోజు ప్రొఫార్మాలో లేకపోయినా నాలుగు సంగతులు అడిగి రాసుకోండి: ఈ ఇంట్లో మంచం పట్టినవాళ్లున్నారా, మందులేం వాడుతున్నారు, మీ పనికీ మీ ఇంటికీ ఎంత దూరం, మీ పెద్దల్ని ఎక్కడ పెట్టారు. ఎన్నాళ్లకని అడిగితే ఉన్నదున్నట్టు చెప్పండి. కొవ్వాడ ఫైలు మీ టేబుల్ మీదికొస్తే, సంతకం పెట్టేముందు ఒక తెల్లవారుజామున అక్కడి తీరానికి వెళ్లి, వేట నుంచి తిరిగొచ్చే పడవల దగ్గర నిలబడి వాళ్లతో మాట్లాడి రండి.